ఎముకకో లెక్క, ముక్కకో లెక్క, నూడుల్స్‌కో లెక్క

ఇంట్లో చేసిన చికెన్ నూడుల్ సూప్ కుదరలేదని ఎవరైనా అంటే నేను ముందు అడిగేది ఒకటే, అన్నీ కలిపి ఒకేసారి గిన్నెలో వేసేశారా అని. చాలాసార్లు అవుననే జవాబు వస్తుంది. చికెన్ ముక్కలు, ఉల్లిపాయ, క్యారెట్, ఉప్పు, మిరియాలు, కాసేపయ్యాక నూడుల్స్, మూత పెట్టేసి మంట పెంచడం, అరగంటలో దించేయడం. తీరా పోసుకుని చూస్తే నీళ్లు చప్పగా, ముక్క పీచుపీచుగా, నూడుల్స్ మెత్తగా ముద్దగా ఉంటాయి. అప్పుడు చికెన్ మంచిది కాదేమో అనుకుంటారు, నూడుల్స్ బ్రాండ్ మార్చాలేమో అనుకుంటారు, ఇంకో సూప్ క్యూబు పడాల్సిందేమో అనుకుంటారు. పాపం వాటిలో దేని తప్పూ లేదు.

చికెన్ నూడుల్ సూప్‌లో మూడు వంటలు ఉన్నాయి, ఆ మూడూ కలవాల్సింది ఆఖర్లో, తినే గిన్నెలో. నేను గట్టిగా చెప్పదలచుకున్నది ఇదే. ఎముకల్లోని సారం నీళ్లలోకి దిగడానికి రెండు మూడు గంటలు పడుతుంది. బ్రెస్ట్ ముక్కకి 20 నిమిషాలు దాటితే ఎక్కువ. నూడుల్స్‌కి 7, 8 నిమిషాలు దాటితే ఇక అంతే సంగతులు. ఈ మూడింటినీ ఒకే గడియారానికి కట్టేస్తే ఎవరో ఒకరు నష్టపోక తప్పదు, మామూలుగా అందరూ నష్టపోతారు.

ముందు నీళ్ల సంగతి చూద్దాం, ఎందుకంటే సూప్‌లో ఎక్కువ భాగం నీళ్లే, వాటికి పస లేకపోతే పైన ఎన్ని వేసినా దండగే. కోడి చర్మంలో, కీళ్ల దగ్గర, ఎముకల చివర ఉండే మెత్తటి మృదులాస్థిలో కొల్లాజెన్ అనే ప్రోటీన్ ఉంటుంది. వేడి నీళ్లలో చాలాసేపు నానితే అది విడిపోయి జెలటిన్‌గా మారి నీళ్లలోకి దిగుతుంది. మంచి సూప్ నోట్లో పెట్టుకున్నప్పుడు వట్టి నీళ్లలా జారిపోకుండా నాలుక మీద కాస్త నిలబడుతుంది చూడండి, అది జెలటిన్ వల్లే. ఇది ఏ మసాలాతోనూ రాదు. కార్న్‌ఫ్లోర్ కలిపితే చిక్కదనం వస్తుంది కానీ అది వేరే చిక్కదనం, నోటికి అంటుకుంటుంది, రుచిని మూసేస్తుంది. బోన్‌లెస్ ముక్కలు మాత్రమే వేసి సూప్ చేద్దామనుకునేవాళ్లకు నేను చెప్పేది ఏమిటంటే, మీరు ఎంత ఓపిగ్గా మరిగించినా అందులో లేనిది బయటికి రాదు.

అందుకే సూప్ కోసం కొనేటప్పుడు మెడ, వీపు భాగం, రెక్కలు అడగండి, దొరికితే పాదాలు కూడా. పాదాల్లో మాంసం ఏమీ ఉండదు, ఉన్నదంతా చర్మం, కీళ్లు, నరాలే, సూప్‌కి కావాల్సింది సరిగ్గా అదే. వాటిని చూడలేనివాళ్లకు రెక్కలు చాలు. మొత్తం కోడి తెచ్చుకుంటే ఇంకా మంచిది. బ్రెస్ట్, లెగ్ ముక్కలు తీసి పక్కన పెట్టి మిగిలినదంతా గిన్నెలోకి పంపొచ్చు. ఇక్కడే ఇంకో మాట, పచ్చి చికెన్‌ని కుళాయి కింద పెట్టి కడగకండి. కడిగితే శుభ్రం అవుతుందనేది మన నమ్మకం, కానీ కాంపైలోబాక్టర్ లాంటి బ్యాక్టీరియా ఆ తుంపర్లతో సింకు చుట్టూ, పక్కనున్న గిన్నెల మీదా పడుతుంది. వాటిని చంపేది నీళ్లు కాదు, వేడి. కావాలంటే టిష్యూతో అద్దేసి నేరుగా గిన్నెలో వేయండి, చేతులు మాత్రం సబ్బుతో కడుక్కోండి.

1 కిలో ఎముకలకు 2 లీటర్ల నీళ్లు సరిపోతాయి, అవి చన్నీళ్లే కావాలి. వేడెక్కుతున్న కొద్దీ చికెన్‌లో నీటికి కరిగే ప్రోటీన్లు మెల్లగా బయటికొచ్చి, ఒకచోట చేరి, పైకి తేలతాయి. మరిగే నీళ్లలో ఒక్కసారిగా పడేస్తే అవి సన్న సన్న తుంపులుగా విడిపోయి నీళ్లంతా కలిసిపోతాయి, ఆ తర్వాత వాటిని ఏరడం మన వల్ల కాదు. నిదానంగా వేడి చేస్తే మాత్రం చూడటానికే బాగుంటుంది. ముందు గిన్నె అంచుల వెంట బూడిదరంగు నురగ సన్నటి గీతలా చేరుతుంది, తర్వాత మధ్యలోకి పాకి మందంగా తెట్టు కడుతుంది, దాని కింద నుంచి అక్కడక్కడా ఒక బుడగ పొడుచుకుని వస్తుంది. ఆ తెట్టుని గరిటెతో అంచు నుంచి లోపలికి లాగుతూ తీసి పారేయాలి. అది విషమేమీ కాదు, తిన్నా ఏమీ కాదు, కానీ తీసేసిన సూప్ తేటగా ఉంటుంది, రుచి కూడా శుభ్రంగా ఉంటుంది. ఆ 10 నిమిషాలు పొయ్యి దగ్గర నుంచి కదలకండి. ఉల్లిపాయలూ క్యారెట్లూ ఇంకా వేయకపోవడానికి కారణం కూడా ఇదే, అవి పైన తేలుతుంటే తెట్టు తీయడం కుదరదు.

తెట్టు రావడం ఆగాక మంట బాగా తగ్గించేయాలి. సిమ్‌లో పెట్టామని వదిలేయకుండా ఒకసారి వంగి చూడండి, కొన్ని పొయ్యిల మీద సిమ్ కూడా ఎక్కువే. నీటి పైభాగం కాస్త కదులుతూ, ఇక్కడొకటి అక్కడొకటి బుడగ లేచి పగిలితే చాలు, అంటే సుమారు 90 డిగ్రీలు. కుతకుతలాడిస్తే త్వరగా అవుతుందనిపిస్తుంది కానీ జరిగేది వేరు. పైన తేలాల్సిన కొవ్వు ఆ కుదుపుకి చిన్న చిన్న బిందువులుగా చితికి నీళ్లలో కలిసిపోతుంది, జెలటిన్ వాటిని మళ్లీ ఒకచోట చేరనివ్వదు. సూప్ మసకబారుతుంది, తాగితే పెదాలకు జిడ్డు తగులుతుంది. అదే సన్న సెగ మీద ఉంటే కొవ్వు పసుపు రంగు పొరలా పైన నిలబడుతుంది, కావాల్సినంత ఉంచుకుని మిగతాది తీసేయొచ్చు. పారేయకండి, దానితో పని ఉంది.

ఇలా రెండున్నర, మూడు గంటలు. అంతకు మించి కోడి ఎముకల్లో ఇవ్వడానికి పెద్దగా మిగలదు. రాత్రంతా మరిగించాలనీ, అలా మరిగిస్తే ఎముకల్లోని కాల్షియం అంతా దిగుతుందనీ కొందరు చెబుతారు కానీ ఎముకల సూప్‌లోకి వచ్చే కాల్షియం చాలా తక్కువ. కాల్షియం కోసమైతే వేరే దారులున్నాయి, సూప్ రుచి కోసం చేసుకోండి. కూరగాయలు ఆఖరి గంటలో వేస్తే సరిపోతుంది. పెద్ద ఉల్లిపాయ రెండు ముక్కలు చేసి, ఒక క్యారెట్, రెండు సెలరీ కాడలు, మిరియాలు, ఒక బిర్యానీ ఆకు. మొదట్లోనే వేస్తే మూడు గంటల్లో వాటి తాజాదనమంతా పోయి ఒకరకమైన నీరసమైన తీపి మిగులుతుంది.

వీలైతే రెండు పుట్టగొడుగులో, ఒక టమాటానో కూడా వేయండి, అది అలంకారం కోసం కాదు. 1908లో జపాన్ శాస్త్రవేత్త కికునాయె ఇకెడా సముద్రపు నాచు మరిగించిన నీళ్ల రుచికి మూలం గ్లుటమేట్ అని కనుక్కుని, ఆ రుచికి ఉమామి అని పేరు పెట్టాడు. చికెన్‌లో ఇనోసినేట్ అనే ఇంకో పదార్థం ఉంటుంది. ఈ రెండూ కలిస్తే రుచి ఒకటీ ఒకటీ రెండు అన్నట్టు పెరగదు, విడివిడిగా ఉన్నప్పటికన్నా ఎన్నో రెట్లు నాలుకకు తెలుస్తుంది. టమాటాలో, పుట్టగొడుగుల్లో గ్లుటమేట్ ఉంది, చికెన్‌లో ఇనోసినేట్ ఉంది, మనం చేయాల్సిందల్లా వాటిని ఒక గిన్నెలోకి చేర్చడమే.

మాంసం విషయానికి వస్తే, బ్రెస్ట్‌కీ తొడ ముక్కకీ కూడా ఒకే లెక్క కుదరదు. కోడి రోజంతా నడిచేది కాళ్ల మీద, ఆ కండరాల్లో కొల్లాజెన్ ఎక్కువ, కాబట్టి తొడ ముక్క 40, 45 నిమిషాలు సూప్‌లో ఉన్నా మెత్తబడుతుందే తప్ప పాడవదు. బ్రెస్ట్‌లో ఆ రక్షణ లేదు. లోపలి వేడి 65, 70 డిగ్రీలు దాటుతుంటే కండరంలోని ప్రోటీన్లు బిగుసుకుని లోపలి నీటిని పిండేస్తాయి. నీళ్లలోనే ఉంది కదా ఎందుకు ఎండిపోతుందని అడుగుతారు. చుట్టూ ఎన్ని నీళ్లున్నా పిండేసిన కండరంలోకి అవి తిరిగి పోవు. గంటసేపు సూప్‌లో మరిగిన బ్రెస్ట్ ముక్క పళ్ల మధ్య దారాల్లా ఇరుక్కోవడానికి కారణం ఇదే. అలాగని పచ్చిగా దించకూడదు, మధ్యలో 74 డిగ్రీలు రావాలి, అది భద్రతకి సంబంధించిన అంకె. వంటింటి థర్మామీటర్ కొనమని నేను అందరికీ చెబుతాను, ఒక్కసారి కొంటే అంచనాల టెన్షన్ పోతుంది. అది లేకపోతే ముక్కని మందంగా ఉన్నచోట కోసి చూడండి, గులాబీ రంగు ఉండకూడదు, కారే రసం తేటగా ఉండాలి.

కాబట్టి స్టాక్, అంటే ఎముకలు మరిగించిన ఆ నీళ్లు, వడగట్టేశాక, మళ్లీ సన్న సెగ మీద పెట్టి, ముందు తొడ ముక్కలు, పావుగంట, 20 నిమిషాలు ఆగి బ్రెస్ట్ వేయండి. బ్రెస్ట్ సైజుని బట్టి 15 నుంచి 20 నిమిషాల్లో అవుతుంది. బయటికి తీసి, చేత్తో పట్టుకోగలిగేంత చల్లారాక, పీచు వెంట లాగితే పెద్ద పెద్ద రేకులుగా విడిపోతుంది. మరీ సన్నగా చీల్చకండి, సన్నటి పోగులు గిన్నెలో పడగానే ఎండిపోయినట్టు అనిపిస్తాయి. తినేటప్పుడు కొరకడానికి ఇంకో విడత క్యారెట్ ముక్కలు కావాలి, స్టాక్‌లో ఉడికినవి పారేయాల్సిందే, వాటి రుచి నీళ్లలోకి ఎప్పుడో వెళ్లిపోయింది. కొత్తవి చిన్నగా తరిగి ఆఖరి 10 నిమిషాలు ఉడికిస్తే చాలు.

ఉప్పు ఎప్పుడు వేయాలి? మొదట్లో చిటికెడు తప్ప వేయకండి. మూడు గంటల్లో నీళ్లు ఎంత ఇగురుతాయో ముందుగా తెలీదు, ఇగిరిన కొద్దీ ఉప్పదనం పెరుగుతుంది. అంతా అయ్యాక లీటరుకు ఒక టీస్పూను మెత్తటి ఉప్పుతో మొదలుపెట్టి, రుచి చూస్తూ కొంచెం కొంచెం పెంచుకోవాలి. వేసిన ప్రతిసారీ కలిపి, ఒక నిమిషం ఆగి, చెంచాలో చల్లార్చి చూడండి. ఎక్కడో ఒకచోట అప్పటిదాకా ఎముకల నీళ్లలా ఉన్నది ఉన్నట్టుండి చికెన్ సూప్‌లా తెలుస్తుంది, అక్కడ ఆపాలి. ఇంకా ఏదో తక్కువైందనిపిస్తే అది చాలాసార్లు ఉప్పు కాదు, పులుపు. దించాక నాలుగు చుక్కల నిమ్మరసం పిండండి.

ఇక నూడుల్స్. దీని దగ్గరే నాకు ఎక్కువ వాదనలు అవుతాయి. నూడుల్స్‌ని సూప్‌లోనే ఉడికిస్తే ఆ రుచిని పీల్చుకుంటాయి కదా, విడిగా ఉడికించి ఎందుకు ఆ అవకాశం పోగొట్టుకోవాలి అంటారు. పీల్చుకుంటాయి, నిజమే. సమస్య ఏమిటంటే అవి పీల్చుకోవడం ఆపవు. పొయ్యి కట్టేసినా, గిన్నె టేబుల్ మీదకు వచ్చినా, వేడి సూప్‌లో ఉన్నంతసేపూ పిండి పదార్థం నీటిని లాగుతూనే ఉంటుంది. మొదట తినేవాళ్లకు సూప్ దొరుకుతుంది, రెండోసారి వడ్డించుకునేటప్పటికి అడుగున ఉబ్బిన నూడుల్స్ మాత్రమే ఉంటాయి. మూడు గంటలు కూర్చుని తేటగా తీసిన స్టాక్‌ని నూడుల్స్ తాగేశాయన్నమాట! పైగా వాటి మీద ఉండే పొడి పిండి సూప్‌లోకి దిగి దాన్ని మసక చేస్తుంది. తెట్టు తీసినప్పుడూ సెగ తగ్గించినప్పుడూ పడ్డ శ్రమంతా ఆఖరి 8 నిమిషాల్లో బూడిదలో పోసిన పన్నీరే.

విడిగా ఉడికించండి. 100 గ్రాముల నూడుల్స్‌కి 1 లీటరు నీళ్లు, అందులో తగినంత ఉప్పు. ప్యాకెట్ మీద 8 నిమిషాలు అని ఉంటే ఏడో నిమిషంలోనే ఒక పోగు తీసి కొరికి చూడండి. మధ్యలో సన్నటి పలుకు తగలాలి, ఎందుకంటే గిన్నెలో వేడి సూప్ పడ్డాక మిగిలిన ఉడుకు అక్కడ పూర్తవుతుంది. వడగట్టేసి, ఇందాక తీసి ఉంచమన్న చికెన్ కొవ్వు ఒక చెంచా వేసి కలపండి, అంటుకోవు, చికెన్ రుచి కూడా వాటికి పడుతుంది. నూడుల్స్‌కి రుచి పట్టాలన్న కోరిక ఇలా తీరుతుంది. తినేవాళ్ల గిన్నెలో ముందు నూడుల్స్, వాటి మీద చికెన్ రేకులు, క్యారెట్, ఆపైన పొగలు కక్కే సూప్, ఆఖరున తరిగిన పార్స్లీనో కొత్తిమీరో. ఆకులు మాత్రం గిన్నెలోనే వేయాలి, ముందే వేసి మరిగిస్తే వాసనంతా ఆవిరితో పోతుంది.

ఇంత మెత్తటి నూడుల్స్‌కి మనం ఎలా అలవాటు పడ్డాం అని ఆలోచిస్తే నాకు డబ్బా సూపులే గుర్తొస్తాయి. కాంప్‌బెల్ కంపెనీ 1934లోనే చికెన్ నూడుల్ సూప్‌ని డబ్బాలో పెట్టి అమ్మింది. డబ్బాలో పెట్టేదేదైనా నెలల తరబడి నిలవ ఉండాలంటే మూత బిగించాక పెద్ద వేడిలో ఉడికించక తప్పదు, ఆపైన నూడుల్స్ నెలల పాటు ఆ రసంలోనే నానుతాయి. అక్కడ అవి మెత్తబడటంలో వింతేమీ లేదు, ఆ పద్ధతికి అది తప్పదు. ఇంట్లో మనకు ఆ నిర్బంధం లేనప్పుడు ఆ ఫలితాన్నే మళ్లీ ఎందుకు తెచ్చుకోవాలి?

అంత టైమ్ ఎవరికుంది అనే ప్రశ్న న్యాయమైనదే. ఉద్యోగం చేసి వచ్చినవాళ్లను మూడు గంటలు పొయ్యి దగ్గర నిలబడమని నేను అనను, నిజానికి నిలబడాల్సింది ఆ 10 నిమిషాలే, మిగతా సమయం గిన్నె పని గిన్నె చేసుకుంటుంది. అదీ కుదరకపోతే కుక్కర్ వాడండి. కుక్కర్‌లో నీళ్లు 120 డిగ్రీల దాకా వేడెక్కుతాయి, కొల్లాజెన్ 45 నిమిషాల్లో దిగిపోతుంది. ఒక్క జాగ్రత్త, ముందు మూత లేకుండా తెట్టు తీసేసి, ప్రెషర్ వచ్చాక మంట బాగా తగ్గించాలి. విజిల్ మీద విజిల్ వేయిస్తే ప్రతి విజిల్‌కీ ప్రెషర్ పడిపోయి లోపల నీళ్లు ఎగసిపడతాయి, సూప్ మసకబారుతుంది. కట్టేశాక ప్రెషర్ దానంతటదే దిగేదాకా ఆగండి, గరిటెతో విజిల్ ఎత్తకండి. ఇలా చేస్తే కుక్కర్ స్టాక్ చక్కగా తేటగా వస్తుంది. కూరగాయలూ ముక్కలూ తర్వాత, మూత తీశాక.

క్యూబులతో మాత్రం నాకు రాజీ కుదరదు. 1908 నుంచీ మాగీ క్యూబులు మార్కెట్లో ఉన్నాయి, అవి చేసే పని ఏమిటో పెట్టె మీద రాసే ఉంటుంది, ఇలాంటి క్యూబుల్లో చాలావాటికి మొదటి పదార్థం ఉప్పే. పెద్దవాళ్లు రోజుకి 5 గ్రాముల కంటే తక్కువ ఉప్పు తినాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది, రెండు క్యూబులు పడ్డ సూప్‌తో అందులో పెద్ద వాటా అక్కడే అయిపోతుంది. గ్లుటమేట్ ఉంటుంది, దాని మీద నాకు ఫిర్యాదు లేదు, టమాటాలో ఉన్నదీ అదే. కానీ జెలటిన్ ఉండదు. అందుకే క్యూబు సూప్ మొదటి గుటకలో గట్టిగా తగిలి మింగగానే మాయమైపోతుంది.

జలుబుకి చికెన్ సూప్ మంచిదనే మాట కూడా చూడాలి, ఇది చాలా పాతది, 12వ శతాబ్దపు వైద్యుడు మైమోనిడీస్ కూడా కోడి రసాన్ని సిఫారసు చేశాడు. 1978లో మయామీ బీచ్‌లోని పరిశోధకులు వేడి నీళ్లు, చన్నీళ్లు, చికెన్ సూప్ తాగించి ముక్కులో చీమిడి ఎంత వేగంగా కదులుతుందో కొలిచారు. సూప్ తాగాక ఆ వేగం పెరిగింది, కానీ అరగంటకల్లా మళ్లీ మామూలుకి వచ్చింది. 2000లో నెబ్రాస్కా విశ్వవిద్యాలయంలో స్టీఫెన్ రెన్నార్డ్ బృందం ఇంట్లో చేసిన చికెన్ సూప్‌నే లాబ్‌లో పరీక్షించి, న్యూట్రోఫిల్స్ అనే తెల్ల రక్తకణాల కదలికను అది తగ్గిస్తోందని చూపించింది. అది గాజు పాత్రల్లో జరిగిన పరీక్ష, మనుషుల మీద కాదు. కాబట్టి జలుబు నయమవుతుందని నేను చెప్పను. ముక్కు కాస్త తెరుచుకుంటుంది, ఒంట్లోకి నీళ్లూ ఉప్పూ వెళతాయి, ఏమీ తినబుద్ధి కానప్పుడు కొంత ప్రోటీన్ అందుతుంది. ఒంట్లో బాగోనప్పుడు ఇది తక్కువేమీ కాదు.

చిక్కేమిటంటే, సూప్ ఎక్కువ అవసరమైన రోజున దాన్ని చేసుకునే ఓపిక ఉండదు. జ్వరంతో ఉన్నవాళ్లు తెట్టు తీస్తూ నిలబడలేరు. అందుకే ఒంట్లో బాగున్నప్పుడే పెద్ద గిన్నె స్టాక్ చేసి దాచుకోమంటాను, మూడు పనుల్లో గంటలు పట్టేది అదొక్కటే, నిలవ ఉండేదీ అదే. పెద్ద గిన్నెని అలాగే ఫ్రిజ్‌లోకి తోసేయకండి, మధ్యలో గంటల తరబడి గోరువెచ్చగానే ఉంటుంది. క్లోస్ట్రీడియం పర్‌ఫ్రింజెన్స్ అనే బ్యాక్టీరియా బీజాలు (స్పోర్లు) మరిగించినా చావవు, ఆ గోరువెచ్చదనంలో మళ్లీ మొలకెత్తుతాయి. లోతు తక్కువ గిన్నెల్లోకి పోసి, అడుగున చన్నీళ్లు పెట్టి చల్లార్చి, 2 గంటల లోపు ఫ్రిజ్‌లోకి పంపండి. మర్నాడు మూత తీస్తే పైన పాలిపోయిన పసుపు రంగులో కొవ్వు గట్టిపడి ఉంటుంది, దాన్ని చెంచాతో ఎత్తితే కింద స్టాక్ కదిపినప్పుడు వణుకుతుంది. అలా వణికిందంటే ఎముకలు తమ పని చేసినట్టే. వణకకపోతే నీళ్లు ఎక్కువయ్యాయి, ఇంకాసేపు మూత లేకుండా ఇగిరించండి, లేదా ఈసారి పాదాలు కలపండి.

ఫ్రిజ్‌లో 3, 4 రోజులు ఉంటుంది. అంతకంటే ఎక్కువ రోజులకైతే ఫ్రీజర్. ఒకరికి సరిపడా డబ్బాల్లో పోసి, గడ్డకడితే ఉబ్బుతుంది కాబట్టి పైన రెండు వేళ్ల ఖాళీ వదిలి, తేదీ రాసి పెట్టండి, 2, 3 నెలల్లో వాడేయండి. ఉడికిన చికెన్ రేకుల్ని కూడా కాస్త స్టాక్‌లో ముంచి చిన్న డబ్బాల్లో పెట్టుకోవచ్చు, ఎండిపోవు. నూడుల్స్‌ని మాత్రం ఫ్రీజర్ దాకా రానివ్వకండి. కావాల్సిన రోజున స్టాక్ ఒక పొయ్యి మీద బాగా మరిగేలోపు పక్క పొయ్యి మీద అవి తాజాగా ఉడికిపోతాయి.